గడ్డి కింద గుంత

మైదానంలో గడ్డి పెంచే ఉద్యోగం అని చెబితే మన వైపు ఎవరూ పిల్లనివ్వరు. నాకు ఇచ్చారంటే నేను అబద్ధం చెప్పాను కాబట్టి. "సౌదీలో ఫుట్‌బాల్ క్లబ్బు ఆఫీసర్" అని చెప్పాను. మా మామ చివరిదాకా అదే నమ్మాడు. సెలవుల్లో ఇంటికి వచ్చినప్పుడు నా చేతుల కాయలు చూసి, "ఆఫీసులో అంత బరువు ఫైళ్లుంటాయా అల్లుడూ?" అని జాలిపడేవాడు.

ఇప్పుడు మా జగిత్యాల వైపు నుంచి గ్రౌండు పనికి గల్ఫ్ వెళ్లే కుర్రాళ్లు వీసా రాగానే నా దగ్గరికి వస్తున్నారు. "పనేముంటదే కాకా?" అని అడుగుతారు. జీతం సంగతి, గది సంగతి ఏజెంటు ఎలాగూ అబద్ధాలు చెప్పే ఉంటాడు, వాటి జోలికి నేను పోను. పని సంగతి మాత్రం రాస్తాను. అందులోనూ అంతా కాదు. ఒక్క సీజన్ సంగతి. పాతికేళ్లకు పైగా చేసిన పనిలో నాకు తెలిసిందంతా ఆ ఒక్క సీజన్‌లోనే తెలిసింది. మిగతా ఏళ్లలో దాన్ని మరిచిపోకుండా ఉండటమే నా పని.

వరి కూడా గడ్డే

నేను వెళ్లింది ఉనైజాకు, ఖర్జూరం తోటలో పనికి. మా కఫీల్ పేరు అబూ ఫహద్. కఫీల్ అంటే మనల్ని పిలిపించుకున్న యజమాని, మన పాస్‌పోర్టు ఆయన బీరువాలో ఉంటుంది. తోటతో పాటు ఆయనకు ఇంకో పిచ్చి కూడా ఉంది, ఊరి ఫుట్‌బాల్ క్లబ్బు. దాని వ్యవహారాలన్నీ ఆయనే చూసేవాడు కాబట్టి అందరూ ముదీర్ అని పిలిచేవారు. ముదీర్ అంటే మేనేజర్. ఆయనకు ఫుట్‌బాల్ గురించి తెలిసింది ఒక్కటే, బంతి అవతలి వాళ్ల గోల్‌లో పడాలి. అది ఎలా పడుతుందో తెలుసుకోవడం మిగతా వాళ్ల పని.

రెండేళ్లు చెట్లెక్కి దిగాక ఒకరోజు నన్ను పికప్‌లో మైదానానికి తీసుకెళ్లాడు. అక్కడి గడ్డి పేనుకొరుకుడు పట్టిన తలలా అక్కడక్కడా ఎండిపోయి ఉంది.

"యా గంగా, మీ దేశంలో వరి పండిస్తారు కదా?"

"ఐవా," అన్నాను. ఔనని అర్థం.

"వరి కూడా గడ్డే కదా?"

"ఐవా."

ఇదే నా ఇంటర్వ్యూ. మర్నాటి నుంచి నేను గ్రౌండ్‌మ్యాన్‌ని. ఆలోచిస్తే ఆయన అన్నది తప్పేమీ కాదు. వరి గడ్డే. నీళ్లు ఎటు పోతున్నాయో కనిపెట్టడమే రెండింటిలోనూ అసలు పని. గ్రౌండ్‌మ్యాన్ అంటే గడ్డి కోసేవాడని అనుకుంటారు. కోయడం ఎవడైనా కోస్తాడు, గొర్రె ఇంకా బాగా కోస్తుంది. నేల కింద ఏం జరుగుతోందో పైనుంచి తెలుసుకోవడమే మన పని. ఆ మాట ఇప్పుడు ఇంత తేలిగ్గా రాస్తున్నాను కానీ, దాన్ని నేర్చుకోవడానికి ఒకడి మోకాలు ఖర్చయింది.

యుద్ధం వచ్చింది

ఇరాక్ కువైట్ మీద పడ్డ ఏడాది అది. మిసైళ్లు పడుతున్నది రియాద్‌లో, తూర్పు తీరంలో. మేం దేశం నడిమధ్యన ఉన్నాం. అయినా భయం అందరికీ సమానంగానే వచ్చింది. అప్పటి కోచ్ ఒక యూరప్ దొర. ఆయన విజిల్ కూడా మేకుకు వేలాడదీసి వదిలేసి ఎయిర్‌పోర్టుకు పరుగెత్తాడు. మా గదిలో ఉన్న నలుగురిలో ముగ్గురు ముందుగానే పాస్‌పోర్టులు అడిగి తీసుకుని ఇంటికి వెళ్లిపోయారు. నువ్వెందుకు ఉండిపోయావని తర్వాత చాలామంది అడిగారు, ధైర్యం అని చెప్పుకున్నాను. నిజం ఏమిటంటే పాస్‌పోర్టు ఉన్న బీరువా తాళం జేబులో వేసుకుని ముదీర్ చుట్టాల ఊరికి వెళ్లిపోయాడు.

క్లబ్బుకు గ్యాస్ మాస్కులు ఇచ్చారు. నాది నేను కోడి ఎరువు చల్లేటప్పుడు పెట్టుకునేవాణ్ణి. యుద్ధం వల్ల నాకు కలిగిన లాభం అదొక్కటే.

నష్టం మాత్రం పెద్దది. మైదానం చదునుగా ఉంది, చుట్టూ గోడ ఉంది కదా అని, ముదీర్ ఫోనులో సరేననడంతో కొన్ని వారాలు సరుకు లారీలు, నీళ్ల ట్యాంకర్లు తెచ్చి దాని మీద నిలిపారు. ఎవరివని అడగడానికి నేనెవర్ని? అవి వెళ్లిపోయాక చూస్తే నేల బండలా గట్టిపడింది. భూమిలో వేసిన నీళ్ల పైపులు పగిలాయి. పైకి నీళ్లు చిమ్మిన చోటల్లా తవ్వి బాగు చేశాను. చిమ్మని చోట పైపు బాగానే ఉందనుకున్నాను.

ఆస్ట్రేలియా సారు

యుద్ధం అయ్యాక కొత్త కోచ్ వచ్చాడు. పేరు కాలిన్, దేశం ఆస్ట్రేలియా, వయసు యాభై దాటింది. మెడ కాల్చిన వంకాయలా ఉండేది. వచ్చిన మొదటి రోజు ఆటగాళ్లు వరుసగా నిలబడి ఉంటే ఆయన వాళ్లను పలకరించలేదు. మైదానం మధ్యకు వెళ్లి బోర్లా పడుకుని, చెంప నేలకు ఆనించి కళ్లు మూసుకున్నాడు.

మా టీము బస్సు డ్రైవరు ఖలీల్ భాయ్‌ది కడప. ఆయన నా పక్కన నిలబడి, "ఏందప్పా గంగన్నా, ఈయప్ప వచ్చీ రాగానే సచ్చిపోయినాడా?" అన్నాడు.

చావలేదు. లేచి నన్ను వేలితో పిలిచాడు. "దీని మీద లారీలు నిలబెట్టిన వెధవ ఎవరు?" అని అడిగాడు. నేను ముదీర్ వైపు చూడకుండా ఉండటానికి చాలా కష్టపడ్డాను. ఆయన ఇంగ్లీషు నాకు సగం అర్థమయ్యేది, నా ఇంగ్లీషు ఆయనకు పావు. ఆయన మాటలు నాకు అర్థమైనంత వరకు తెలుగులో రాస్తున్నాను.

ఆయనకు వాళ్ల దేశం లీగ్‌లో తాను కోచ్‌గా ఉన్న ఒక సీజన్ గురించి తప్ప మాట్లాడటానికి ఇంకో విషయం లేదు. పొద్దున నేను నీళ్లు పెడుతుంటే పక్కన నడుస్తూ వారం వారం మ్యాచులు చెప్పేవాడు. అక్కడ గ్రీకుల వాడలో ఒక క్లబ్బు, ఇటలీ వాళ్లకు ఒకటి, క్రొయేషియా వాళ్లకు ఒకటి ఉండేవట. మిగతా దేశమంతా కోడిగుడ్డు ఆకారం బంతితో ఆడుకుంటూ, ఈ ఆటను బతకడానికి వచ్చిన పరాయి వాళ్ల ఆట అని వెక్కిరించేదట. ఆటగాళ్లు పగలు తాపీ పని, వడ్రంగం చేసుకుని సాయంత్రం వచ్చి ఆడేవారట. ఈయన కూడా వడ్రంగే. "సోమవారం నేను తలుపు బిగించిన ఇంటి యజమానే శనివారం గ్యాలరీలో కూర్చుని నన్ను తిట్టేవాడు," అనేవాడు సంబరంగా.

ఇన్ని చెప్పాక ఒకరోజు అడిగాను. "సార్, ఆ సీజన్‌లో మీ టీము ఎన్నో స్థానం?"

"చివరి నుంచి రెండోది. నన్ను తీసేశారు."

అటువంటి మహానుభావుణ్ణి మా ముదీర్ ఎందుకు ఎంచుకున్నాడంటే, యుద్ధం ముగిసీ ముగియగానే రావడానికి ఒప్పుకున్నది ఆయన ఒక్కడే.

నాకు మాత్రం ఆయన ఒక పని నేర్పాడు. ప్రతి మ్యాచుకు ముందు చెప్పులు విప్పి మైదానమంతా నడవమన్నాడు. కంటికి కనబడనిది అరికాలికి తెలుస్తుందన్నాడు. చెప్పుల్లేకుండా నడవడానికి సౌదీ దాకా రావాలా అని నేను లోపల నవ్వుకున్నాను. ఆయన చూస్తున్నప్పుడు నడిచేవాణ్ణి, చూడనప్పుడు టీ తాగేవాణ్ణి.

నా కాలు చేసిన పని

మా టీములో గోల్ కొట్టగలిగినవాడు ఒక్కడే ఉండేవాడు, హమూద్. పొద్దున టెలిఫోన్ ఆఫీసులో గుమాస్తా, సాయంత్రం స్ట్రైకర్. వాళ్ల నాన్న బజారులో మసాలా దినుసుల కొట్టు నడిపేవాడు. ఆటగాళ్లకు జీతాలిచ్చి ఆడించడం అప్పుడప్పుడే మొదలవుతోంది. జెద్దాలోని ఒక పెద్ద క్లబ్బు హమూద్‌ను తీసుకుపోవాలని చూస్తోందని ఊరంతా మాట. సగం ఊరికి గర్వం, సగం ఊరికి కడుపుమంట.

సీజన్ మొదట్లో సొంతూళ్లో ఒక మ్యాచు పడింది. జెద్దా నుంచి పెద్దలు వస్తున్నారని ముదీర్ మూడు రోజుల ముందు నుంచి ఒంటికాలి మీద ఉన్నాడు. రెండు రోజులుందనగా అవతలి గోల్‌కు ఎడమవైపున నా కాలి కింద నేల కాస్త దిగినట్టు అనిపించింది. గునపం దించాను. మోచేతి లోతుకు సర్రున దిగిపోయింది. కింద పైపు కారి, ఇసుకంతా కొట్టుకుపోయి, పైన గడ్డి దుప్పటిలా పరుచుకుని ఉంది.

బాగుచేయాలంటే పొడవునా కందకం తవ్వాలి. నాలుగు రోజుల పని. ముదీర్ దగ్గరికి వెళ్లాను. అక్కడే నా మొదటి తప్పు చేశాను.

"కొంచెం మెత్తగా ఉంది," అన్నాను.

"ఎంత కొంచెం?"

"కొంచెం."

"అతిథులు పైనుంచి చూస్తారు గంగా, కింద నుంచి కాదు. పచ్చగా ఉండాలి, అంతే."

సంతోషంగా తిరిగి వచ్చాను. ఆయన వద్దన్నాడు కాబట్టి బాధ్యత ఆయనది, నాలుగు రోజుల తవ్వకం తప్పింది కాబట్టి నడుము నాది. గుంతలో ఇసుక పోసి, ఒక పలక ముక్క అడ్డం పెట్టి, పైన గడ్డి పెళ్లలు పేర్చి నీళ్లు చల్లాను. దాని మీద నిలబడి రెండుసార్లు ఎగిరాను కూడా. అప్పట్లో నేను ఎముకల గూడును. పలక నన్ను ఆపింది. అది ఎవరినైనా ఆపుతుందనుకున్నాను.

మ్యాచు రెండో సగంలో హమూద్ బంతితో అటువైపు వెళ్లాడు. దరిదాపుల్లో ఒక్క ప్రత్యర్థి కూడా లేడు. ఎడమ కాలు ఊని కుడివైపు తిరిగాడు. ఒంట్లోని మిగతా భాగమంతా తిరిగింది, ఆ కాలు మాత్రం తిరగలేదు. పచ్చి కట్టె విరిచినప్పుడు వచ్చే శబ్దం నాకు గోల్ వెనక నుంచి వినిపించింది. ఆ తర్వాత అతని అరుపు.

అందరూ పరుగెత్తారు. నేనూ పరుగెత్తాను. అతణ్ణి స్ట్రెచర్ మీద ఎక్కిస్తుంటే అందరి కళ్లూ అతని మోకాలి మీదే ఉన్నాయి. నేను చూసింది మాత్రం పక్కకు జరిగిన గడ్డి పెళ్లను. ఎవరూ గమనించకుండా బూటుతో దాన్ని మళ్లీ గుంత మీదికి నెట్టి, ఒకసారి తొక్కి సరిచేశాను.

ఆ పని చేసింది నా కాలే. కాలు ఒక్కటే చేసిందని చాలా రోజులు చెప్పుకున్నాను కానీ, తలకాయ కూడా ఒప్పుకుంది.

మర్నాడు కందకం తవ్వి పైపు మార్చాను. ముదీర్ వచ్చి చూసి, "చెప్పకుండానే పని చేస్తావు, నువ్వు మంచివాడివి," అని భుజం తట్టాడు. పాతికేళ్లలో నాకు దక్కిన మెప్పు అదొక్కటే.

ఊరు ఏమనుకుంది

మొదట దిష్టి అన్నారు. ఆ మాట నాకు బాగా నచ్చింది. దిష్టికి పాస్‌పోర్టు ఉండదు, దాన్ని ఎవరూ ఇంటికి పంపలేరు. తర్వాత, కోచ్ అతిగా పరుగెత్తించి కీళ్లు అరగదీశాడన్నారు. ఆ తర్వాత అసలు మాట బయలుదేరింది. పక్కన మనిషి లేడు, ఎవడూ తన్నలేదు, ఎవడూ తోయలేదు. చదునైన నేల మీద మగాడు ఉత్తపుణ్యానికి ఎట్లా పడతాడు? నటిస్తున్నాడు. క్లబ్బు వదలడం లేదని, ఈ వంకతో కూర్చుని జెద్దాకు జారుకుంటాడు. మాట్లాడేవాళ్లు తర్కం తెలిసినవాళ్లు. గుంత లేదనుకుంటే వాళ్లు చెప్పింది నిజమే మరి.

జెద్దా వాళ్లు మోకాలి ఎక్స్‌రే అడిగి, చూసి, మళ్లీ మాట్లాడలేదు. ఊరు మాత్రం మాట మార్చుకోలేదు. హమూద్ వాళ్ల నాన్న కొట్టు ముందు నుంచి పోతూ ముఖం తిప్పుకునే వాళ్లను నేను చూశాను. ఆయన దగ్గర యాలకులు కొనడం నేను కూడా మానేశాను. నా కారణం వేరు.

బోర్డుకు ఇవతల

రెండు నెలలకు మక్కాలో మ్యాచు పడింది. మక్కా హద్దు లోపలికి ముస్లింలు తప్ప ఎవరూ పోకూడదు. ఆ సంగతి కోచ్‌ను తెచ్చేటప్పుడు ముదీర్‌కు గుర్తులేదు. తీరా బయలుదేరే రోజు గుర్తొచ్చింది. చివరికి ఖలీల్ భాయ్ తోవ చెప్పాడు. "హద్దు బోర్డుకు ముందర పెట్రోల్ బంకు ఉండాది. సారును ఆడ దింపుదాం. తోడుకు మన గంగన్న ఉంటాడు. ఈయప్పా హిందువే గదా, లోపలికి రాలేడు."

అలా ఒక ఫుట్‌బాల్ కోచ్, ఒక గడ్డి మనిషి బంకు పక్కన టీ కొట్టు బల్ల మీద కూర్చున్నారు. టీము లోపలికి వెళ్లింది. కోచ్ ఎవరు ఎక్కడ ఆడాలో కాగితం మీద రాసి సహాయకుడికి ఇచ్చి పంపాడు. సాయంత్రపు అసర్ నమాజు అయ్యాక కొట్టువాడి రేడియోలో కామెంటరీ మొదలైంది. కోచ్ నా మోచేయి పట్టుకుని, "చెప్పు," అన్నాడు.

నా అరబ్బీ తోట అరబ్బీ. నీళ్లు, పార, ఎరువు, తొందరగా, రేపు. ఆ మాటలతో కామెంటరీ ఎలా చెప్పాలి? "బంతి వాళ్ల దగ్గరుంది సార్. ఇప్పుడు మన దగ్గరుంది. మళ్లీ వాళ్ల దగ్గరికి పోయింది."

"ఎడమవైపా, కుడివైపా?"

"రేడియోలో సార్."

కాసేపటికి వాళ్లు గోల్ కొట్టారు. కోచ్ టోపీ నేలకు కొట్టాడు. "హమూద్ ఉంటే," అన్నాడు. కాస్త ఆగి, తనలో తాను అనుకుంటున్నట్టు, "వాడి కాలు పాడుచేసింది నేనే. ఎండలో అన్నిసార్లు పరుగెత్తించకుండా ఉండాల్సింది. రోజూ పొద్దున లేవగానే అదే గుర్తొస్తుంది," అన్నాడు.

ఆ మాట నాకు పూర్తిగా అర్థమైంది. అర్థం కాకుండా ఉంటే బాగుండేది.

"మీరు కాదు సార్. గుంత," అన్నాను. నాకు వచ్చిన ఇంగ్లీషు ముక్కలన్నీ కలిపి, పైపు, పలక, గడ్డి పెళ్ల, బూటు, అన్నీ చెప్పేశాను.

ఆయన లేచాడు. కొడతాడనుకున్నాను. కొట్టలేదు. రోడ్డు పట్టుకుని ఎండలో నడుచుకుంటూ వెళ్లిపోయాడు, చుక్కంత కనబడేదాకా. టీ కొట్టు వాడు, "మీ దొర ఎక్కడికి పోతున్నాడు?" అంటే, "వ్యాయామం," అన్నాను. ఆయన తిరిగి వచ్చేసరికి ముఖం ఎర్రగా ఉంది, చొక్కా తడిసిపోయింది.

"నాకెందుకు చెప్పావు?"

"బరువుగా ఉంది సార్."

"అందుకని నాకిచ్చావా? రెండు నెలలు నీ బరువు నేనే మోశాను. ఇంక మోయను. ఎవరి మోకాలో వాడికి చెప్పు."

రెండో గోల్ పడ్డప్పుడు ఆయన ఎడమా కుడీ అడగలేదు.

తిరుగు ప్రయాణంలో డ్రైవరు పక్క సీట్లో కూర్చుని ఖలీల్ భాయ్‌కు కూడా చెప్పాను. ఆయన బస్సు వేగం తగ్గించాడు. "సెప్పినావనుకో, నీ పాస్‌పోర్టు మీద ఖురూజ్ ముద్ర కొడతారు గంగన్నా. మళ్లా ఈ దేశంలో కాలు పెట్టలేవు."

"మరి చెప్పకుంటె?"

"సెప్పకపోతే ఈడనే ఉంటావు. రోజూ ఆ పిల్లోని ఇంటి ముందర నుంచి పోతావు. రెంటిలో ఏది మేలో నన్ను అడగొద్దప్పా, నేను బస్సు తోలేటోణ్ణి."

గొర్రెల సంతలో నా అరబ్బీ

ముందు ముదీర్‌కు చెప్పాను. ఈసారి 'కొంచెం' అనకుండా మోచేయి చూపించాను. ఆయన తలుపు మూసి వచ్చి, "గుంత లేదు. ఎప్పుడూ లేదు. ఇంకోసారి ఆ మాట అంటే నీకు ఖురూజే," అన్నాడు. పచ్చగా ఉండాలన్నది ఎవరో ఆయనకు గుర్తొచ్చింది.

ఆ సాయంత్రమే హమూద్ ఇంటికి వెళ్లాను. ధైర్యం అనుకోకండి. ఆగితే మళ్లీ వెళ్లనని నాకు తెలుసు. వాళ్ల నాన్న నన్ను కూర్చోబెట్టి ఖర్జూరాలు పెట్టాడు, గిన్నెలో కహ్వా, అంటే వాళ్ల కాఫీ, పోశాడు. కొడుకును పరామర్శించడానికి క్లబ్బు నుంచి వచ్చిన మొదటివాణ్ణి నేనేనట. ఆ మాట విన్నాక గిన్నె కింద పెట్టేశాను.

హమూద్ కాలు చాపుకుని కూర్చుని ఉన్నాడు. చెప్పాను. అతను ఒక్క ప్రశ్న కూడా వేయలేదు. నేను గడ్డి పెళ్లను బూటుతో సర్దిన సంగతి దగ్గరికి వచ్చేసరికి మాత్రం, "మళ్లీ చెప్పు," అన్నాడు. మళ్లీ చెప్పాను.

"నాకు చెప్పి ఏం లాభం?" అన్నాడు. "నేను నటించలేదని నాకు తెలుసు. తెలియనిది ఊరికి. శుక్రవారం నమాజు తర్వాత గొర్రెల సంతకు రా."

వెళ్లాను. ఊరి మగవాళ్లంతా అక్కడే ఉంటారు. వేలం పాడే దలాల్ ఒక పికప్ మీద నిలబడి గొర్రెల ధర అరుస్తున్నాడు. హమూద్ చంకకర్రల మీద వచ్చి అతని చెవిలో ఏదో చెప్పాడు. వేలం ఆగింది. నన్ను పికప్ మీదికి ఎక్కించారు, గొర్రెల మధ్యకు.

గుంతకు అరబ్బీ మాట నాకు ఆ క్షణంలో తట్టలేదు. తోటలో నేను రోజూ వాడే మాట 'బీర్'. అంటే బావి. "నేను గ్రౌండులో బావి పెట్టాను. హమూద్ బావిలో పడ్డాడు," అన్నాను గట్టిగా.

సంత అంతా గొల్లున నవ్వింది. "నీళ్లు పడ్డాయా?" అని ఎవడో అరిచాడు. పక్కన ఉన్న గొర్రె నా చొక్కా చేయి నమలడం మొదలుపెట్టింది. హమూద్ నవ్వలేదు. అతని ముఖం చూసి నేను పికప్ దిగాను. మోకాళ్ల మీద కూర్చుని చేతులతో మట్టి తోడి గుంత చేసి చూపించాను. దాని మీద ఒక అట్ట ముక్క పెట్టాను, అట్ట మీద గొర్రెలకు వేసిన పచ్చగడ్డి పరిచాను. హమూద్ కాలు చూపించి, ఆ అట్టను గుంతలోకి తొక్కాను. తర్వాత అటూ ఇటూ దొంగచూపులు చూసి, గడ్డిని కాలితో మళ్లీ గుంత మీదికి నెట్టి చూపించాను.

నవ్వు అక్కడ ఆగిపోయింది.

జనంలో నుంచి ముదీర్ గొంతు వినిపించింది. "ఎవడు చెప్పాడు నీకు అట్లా కప్పమని?"

అందరూ నా వైపు తిరిగారు. నిజం చెప్పే రోజు కదా, మొత్తం చెప్పేయవచ్చు. "ఎవరూ చెప్పలేదు. నేనే చేశాను," అన్నాను. నా నిజాయితీకి నేనొక సరిహద్దు పెట్టుకున్నాను, దాని పేరు ఇకామా. ఆ పర్మిటు లేకపోతే మర్నాడే విమానం. దానికి నేను సిగ్గుపడుతున్నానా అంటే, సగం. ముదీర్ నాకు మోచేతి లోతు గుంతను కప్పమని చెప్పలేదు, ఎందుకంటే మోచేతి లోతని నేను ఆయనకు చెప్పలేదు. బాస్‌కు సగం చెప్పి, ఆయన వద్దన్నాడని వెనక్కి వచ్చేయడం మన పనుల్లో రోజూ జరిగే దొంగతనం. పూర్తిగా చెప్పండి. అప్పటికీ వద్దంటే అప్పుడు పాపం ఆయనది.

ముందు వరుసలో ఉన్న ఒక పెద్దాయన హమూద్ దగ్గరికి వచ్చి తల వంచి అతని నుదుటి మీద ముద్దు పెట్టాడు. అక్కడ క్షమాపణ అడిగే పద్ధతి అది. నటన అన్న మాటను ఊరంతా తిప్పినవాళ్లలో ఆయనే ముఖ్యుడు. తర్వాత ఇంకొకరు, ఇంకొకరు వచ్చారు. హమూద్ వాళ్ల నాన్న తలపాగా అంచుతో కళ్లు తుడుచుకున్నాడు. నా వైపు రెండు చెప్పులు వచ్చాయి. ఒకటి తగిలింది. దలాల్ మళ్లీ గొర్రెల ధర అందుకున్నాడు.

సీజన్ ఎలా ముగిసింది

ఆఖరి మ్యాచులో గెలిచాం అని రాయాలని ఉంది. ఓడిపోయాం. కింది డివిజన్‌కు పడిపోయాం. ముదీర్ నన్ను ఇంటికి పంపలేదు, తోటకు పంపాడు. మైదానం మీద పెట్టిన కొత్త మనిషి ఉప్పు నీళ్లు పెట్టి రెండు నెలల్లో గడ్డిని చంపాడు. కోచ్ పోరు పెట్టి సీజన్ చివర్లో నన్ను వెనక్కి తెప్పించాడు. అది ప్రేమ అనుకోకండి. "నువ్వు దొంగవే, కానీ నీకు నీళ్లు తెలుసు," అన్నాడు. ఆయన ఉద్యోగం కూడా ఆ ఓటమితోనే పోయింది. వాళ్ల దేశానికి వెళ్లాక మా సీజన్ గురించి కూడా అక్కడ ఎవరికో వారం వారం చెబుతాడని నాకు నమ్మకం.

హమూద్‌కు రియాద్‌లో ఆపరేషన్ చేశారు. కింది డివిజన్‌లో ఒక ఏడాది ఆడాడు. బంతి వచ్చినప్పుడు ఎడమ కాలు ఊనడానికి జంకేవాడు. ఆ జంకు నాకు తప్ప ఎవరికీ కనబడలేదేమో. తర్వాత మానేసి టెలిఫోన్ ఆఫీసుకే పరిమితమయ్యాడు. సంతలో ఆ రోజు తర్వాత నాతో మాట్లాడలేదు, సలాం కూడా చెప్పలేదు. నేను కొన్నేళ్లు నజ్రాన్‌లో ఇంకో మైదానం చూసి తిరిగి వచ్చాను. అప్పటికీ అంతే.

ఆ రోజు నుంచి రిటైరయ్యే దాకా ఏ మ్యాచుకైనా చెప్పులు విప్పి నడవకుండా గేటు తెరిపించలేదు. మూడుసార్లు మ్యాచు ఆపించాను. రెండుసార్లు తిట్లు తిన్నాను, ఒకసారి నాదే పొరపాటు, అక్కడ ఏమీ లేదు. ఆ పొరపాటు మీరూ చేయండి, ఫర్వాలేదు.

నేను వచ్చేసే ముందు ఏడాది ఒక మధ్యాహ్నం హమూద్ మైదానానికి వచ్చాడు. గడ్డం నెరిసింది. కుంటు పెద్దగా లేదు, మెట్లు దిగేటప్పుడు మాత్రం కమ్మీ పట్టుకున్నాడు. సాయంత్రం మ్యాచు కోసం నేను గీతలకు సున్నం వేస్తున్నాను. పక్కకు వచ్చి నిలబడ్డాడు. ఇన్నేళ్లు దాచుకున్న మాట నా నోట్లోంచి దానంతటదే వచ్చింది.

"మాఫ్ చేశావా నన్ను?"

"లా," అన్నాడు. లేదు అని. కోపంగా అనలేదు. టైము అడిగితే చెప్పినట్టు చెప్పాడు.

నేను తల వంచుకుని సున్నం డబ్బా తీసుకున్నాను. అతను మైదానం వైపు చూస్తూ ఇంకాసేపు నిలబడ్డాడు.

"ఈ ఏడు నా కొడుకు మీ టీములో చేరాడు. తొమ్మిదో నంబరు," అన్నాడు. "వేరే ఊరి మ్యాచులకు వాణ్ణి పంపాలంటే వాళ్లమ్మ భయపడుతుంది. ఇక్కడ ఆడితే భయం లేదని నేనే చెప్పాను."

అని, కమ్మీ పట్టుకుని మెట్లెక్కి, గ్యాలరీలో అందరికంటే ముందు వచ్చి కూర్చున్నాడు.